ఎల్లలు దాటిన కథాగేయాలు: ఇంగ్లండు, స్కాట్లండు జానపదుల పాట, దాని చరిత్ర

ఇంగ్లండుకు, స్కాట్లండుకు నడుమ పశ్చిమాన సాల్వే అఖాతం నుండి తూర్పున బెర్విక్ పట్టణ పరిసరాల వరకు సుమారు 150 కిలోమీటర్ల సరిహద్దు ఉంది. ఈనాడు ఆ ఎల్లను దాటడానికి ఎవరి అనుమతీ అక్కరలేదు. కాని 1603లో రెండు రాజ్యాలకు ఒకే రాజు ఏర్పడే వరకు, సుమారు మూడు వందల సంవత్సరాల పాటు, అది యుద్ధాలకు, పశువుల దోపిడీలకు, వంశవైరాలకు నిలయంగా ఉండేది. ప్రపంచ జానపద సాహిత్యంలో విశిష్ట స్థానం పొందిన కథాగేయాలు ఎన్నో ఆ నేల మీదనే పుట్టాయి. ఆంగ్లంలో వీటిని 'బ్యాలడ్' అంటారు. చదువురాని కాపరులు, దాదులు, పనివారు తరతరాలుగా నోటితో కాపాడుకొన్న ఈ పాటలను పండితులు సుమారు రెండున్నర శతాబ్దాలుగా సేకరిస్తూ, పరిశీలిస్తూ వస్తున్నారు. ఆ సేకరణ చరిత్రలో సరిహద్దు గ్రామాల తెలుగు కుటుంబాలకు పనికివచ్చే పాఠం ఒకటి ఉంది.

కథాగేయ లక్షణాలు

కథాగేయం అంటే కథను చెప్పే పాట. సాధారణంగా నాలుగు పాదాల చరణాలతో సాగుతుంది. మొదటి, మూడవ పాదాలలో నాలుగేసి ఊనికలు, రెండవ, నాలుగవ పాదాలలో మూడేసి ఊనికలు ఉండటం ఎక్కువగా కనిపించే పద్ధతి. రెండవ, నాలుగవ పాదాల చివర అంత్యప్రాస ఉంటుంది. కొన్నింటికి పల్లవి వంటి ఆవృత్తి కూడా ఉంటుంది.

కథను చెప్పే తీరులో దీని ప్రత్యేకత ఉన్నది. పూర్వరంగం ఏమీ లేకుండా కథ నడిమధ్యలో మొదలవుతుంది. వర్ణనలు తక్కువ, సంభాషణలు ఎక్కువ. గాయకుడు ఎవరినీ నిందించడు, నీతి బోధించడు. 'లార్డ్ రాండల్' అనే పాటనే తీసుకొందాం. అడవి నుండి ఇంటికి వచ్చిన కొడుకును తల్లి ఒక్కొక్క ప్రశ్న అడుగుతుంది. ఎక్కడికి వెళ్లావు, ఎవరిని కలిశావు, ఏమి తిన్నావు అన్న ప్రశ్నలకు అతడు చెప్పే జవాబుల నుండే ప్రియురాలు విషం పెట్టిందని తల్లికీ, మనకూ ఒకేసారి తెలుస్తుంది. ప్రతి చరణం ముందు చరణం వలెనే ఉంటుంది. ఒకటి రెండు మాటలు మాత్రం మారుతాయి. ఆ చిన్న మార్పుతోనే కథ ఒక్కొక్క అడుగు ముందుకు సాగుతుంది. వినేవారికి ఉత్కంఠ, పాడేవారికి జ్ఞాపకం ఉంచుకొనే సౌలభ్యం, రెండూ ఈ పద్ధతి వలన సమకూరుతాయి. ఇదే కథను చెప్పే పాట ఇటలీలోని వెరోనా నగరంలో 1629 నాటికే వ్యాప్తిలో ఉన్నట్లు ఆధారం ఉంది. పాటకు భాష కూడా అడ్డు కాదని దీనివలన తెలుస్తున్నది.

ఒకే యుద్ధం, రెండు పాటలు

1388లో సరిహద్దుకు దక్షిణాన ఆటర్‌బర్న్ వద్ద ఇంగ్లండు, స్కాట్లండు సేనల మధ్య యుద్ధం జరిగింది. స్కాట్లు గెలిచారు, కాని వారి నాయకుడు డగ్లస్ ప్రభువు నేలకొరిగాడు. ఆంగ్ల నాయకుడు హెన్రీ పెర్సీ బందీగా చిక్కాడు. ఈ యుద్ధం మీద సరిహద్దుకు ఇటూ అటూ పాటలు పుట్టాయి. స్కాట్లండు పాటలో డగ్లస్‌కు తన మరణమూ, తన విజయమూ ముందే కలలో కనిపిస్తాయి. ఇంగ్లండులో ప్రసిద్ధమైన 'చెవీ ఛేస్' అనే పాటలో యుద్ధానికి కారణం వేట తగాదా; ఇద్దరు నాయకులూ అందులోనే మరణిస్తారు. చరిత్రలో ఆ పెర్సీ ఆ తరువాత పదిహేనేళ్లు బ్రతికి, 1403లో మరొక యుద్ధంలో చనిపోయాడు.

అట్లాగే 1530లో స్కాట్లండు రాజు ఐదవ జేమ్స్ ఉరి తీయించిన జానీ ఆర్మ్‌స్ట్రాంగ్ రాజ్యం దృష్టిలో దోపిడీదారు. పాటలో మాత్రం నమ్మి వచ్చి మోసపోయిన వీరుడు. కనుక కథాగేయాన్ని చరిత్ర గ్రంథంగా చదవకూడదు. ఏమి జరిగింది అన్నదాని కంటే, జరిగినదానిని ఆ ప్రాంతపు ప్రజలు ఎట్లా తలచుకొన్నారు అన్నదానికి అది సాక్ష్యం.

కాగితం మీదికి వచ్చిన పాట

ఈ పాటలను విద్వత్ లోకం దృష్టికి తెచ్చినవారిలో ప్రథముడు థామస్ పెర్సీ అనే మతాచార్యుడు. ష్రాప్‌షైర్ ప్రాంతంలోని షిఫ్నల్ పట్టణంలో ఒక మిత్రుని ఇంట అతనికి పాత వ్రాతప్రతి ఒకటి కనిపించింది. ఆ ఇంటి పనివారు దాని పుటలను చించి నిప్పు రాజేయడానికి వాడుతున్నారు. మిగిలిన భాగాన్ని అతడు అడిగి తెచ్చుకొన్నాడు. దాని ఆధారంగా 1765లో మూడు సంపుటాల సంకలనాన్ని ప్రకటించాడు. ఆ గ్రంథం ఐరోపా అంతటా కవులను ఆకర్షించింది. అయితే పెర్సీ పాటలను ఉన్నవి ఉన్నట్లు ముద్రించలేదు. మోటుగా తోచిన చోట దిద్దాడు, లోపించిన చోట తానే కల్పించి చేర్చాడు. జోసెఫ్ రిట్సన్ అనే పండితుడు దీనిని తీవ్రంగా ఖండించాడు. అసలు వ్రాతప్రతి 1867-68లో అచ్చయిన తరువాతనే పెర్సీ దిద్దుబాట్ల పరిమాణం లోకానికి తెలిసింది.

తరువాత వచ్చినవాడు వాల్టర్ స్కాట్. నవలాకారుడుగా ప్రసిద్ధి పొందక ముందు అతడు సరిహద్దు జిల్లా అయిన సెల్కర్క్‌షైర్‌లో న్యాయాధికారి. కొండ గ్రామాలలో తిరిగి, మిత్రుల సాయంతో పాటలు సేకరించి 1802-03లో సరిహద్దు గేయాల సంకలనం వెలువరించాడు. అతడూ దిద్దాడు. 1596లో కార్లైల్ కోట నుండి బందీని విడిపించిన సాహసగాథ 'కిన్‌మంట్ విల్లీ'లో ఎంత భాగం జానపదులది, ఎంత స్కాట్‌ది అన్న చర్చ ఇప్పటికీ తేలలేదు.

ఒక తల్లి ఆక్షేపణ

స్కాట్ 1802లో ఎట్రిక్ లోయలో మార్గరెట్ లెయిడ్లా అనే వృద్ధురాలి వద్ద పాట విన్నాడు. ఆమె కుమారుడు జేమ్స్ హాగ్ గొర్రెల కాపరి. తరువాత గొప్ప రచయిత అయ్యాడు. ఆనాటి సంభాషణను అతడు తరువాతి కాలంలో గ్రంథస్థం చేశాడు. అతడు వ్రాసినదాని ప్రకారం ఆ తల్లి స్కాట్‌ను సూటిగానే ఆక్షేపించింది. ఇవి పాడుకోవడానికి పుట్టినవే కాని చదువుకోవడానికి పుట్టినవి కావనీ, అచ్చువేసి వాటి మహిమను చెరిపారనీ, ఇకమీదట ఎవరూ పాడరనీ ఆమె అభిప్రాయం. పైగా అచ్చయినవి సరిగా కూడా లేవని ఆమె తేల్చి చెప్పింది.

ఆమె జోస్యం పూర్తిగా నిజం కాలేదు. అచ్చు ఒక్కటే పాటను చంపదు. 'బార్బరా అలెన్' పాటను 1666 జనవరి 2న ఒక నటి పాడగా విన్నట్లు శామ్యూల్ పీప్స్ తన దినచర్యలో వ్రాసుకొన్నాడు. ఆ తరువాత ఆ పాట వీధులలో అమ్మే ఒంటి కాగితాల మీద ఎన్నోసార్లు అచ్చయింది. అయినా మూడు శతాబ్దాల పైగా నోటిలో కూడా నిలిచింది. కాని ఆమె మాటలో ఒక సత్యం ఉంది. పుస్తకం వచ్చిన తరువాత, పుస్తకంలోనిదే అసలు పాఠం, అమ్మమ్మ పాడేది తప్పు అన్న భావం మొదలవుతుంది. పాటకు నిజమైన ముప్పు ఆ భావం.

ఏ పాఠానికి ఆ పాఠం

ఈ సంగతిని తొలుత స్పష్టంగా గ్రహించినవారిలో విలియం మదర్‌వెల్ ఒకడు. భిన్న పాఠాలను కలిపి ఒక చక్కని పాటగా కుట్టడం మోసమని, ఏ గాయకుడు పాడినది ఆ విధంగానే అచ్చువేయాలని 1827లో వాదించాడు.

ఆ సూత్రాన్ని మహాగ్రంథంగా మలచినవాడు అమెరికాలోని హార్వర్డు ఆచార్యుడు ఫ్రాన్సిస్ జేమ్స్ చైల్డ్. బోస్టన్‌లో ఓడల తెరచాపలు కుట్టే వాని కుమారుడు. 1882 నుండి 1898 వరకు పది భాగాలుగా వెలువడిన అతని గ్రంథంలో 305 కథాగేయాలు ఉన్నాయి. ప్రతి పాటకు దొరికిన పాఠాలన్నింటినీ వరుస అక్షరాలతో గుర్తించి, ఏదీ దిద్దకుండా, పక్కపక్కన ముద్రించాడు. ఒక్క 'మేరీ హామిల్టన్' పాటకే ఇరవైకి పైగా పాఠాలు ఉన్నాయి. ఇతర ఐరోపా భాషలలోని సోదర గేయాలను కూడా చూపాడు. సిద్ధాంత పీఠిక వ్రాయకుండానే 1896లో అతడు మరణించాడు. చివరి భాగాన్ని శిష్యుడు కిట్రెడ్జ్ పూర్తి చేశాడు. నేటికీ ఈ పాటలను చైల్డ్ ఇచ్చిన సంఖ్యలతోనే గుర్తిస్తారు.

అయితే చైల్డ్ కృషి ప్రధానంగా వ్రాతప్రతుల మీద సాగింది. రాగాలకు అందులో చోటు స్వల్పం. ఆ లోటును బెర్‌ట్రాండ్ బ్రాన్సన్ 1959-72 మధ్య నాలుగు సంపుటాలలో రాగాలను ప్రకటించి తీర్చాడు.

పాడేవారి గడపకు

ఇరవయ్యవ శతాబ్ది ఆరంభంలో ఈశాన్య స్కాట్లండులో గావిన్ గ్రైగ్ అనే బడిపంతులు, జేమ్స్ డంకన్ అనే మతాచార్యుడు కలిసి మూడు వేలకు పైగా పాటల పాఠాలు సేకరించారు. బెల్ రాబర్ట్‌సన్ అనే మహిళ ఒక్కతే సుమారు 400 పాటలు చెప్పింది. ఆమె పాడేది కాదు. మాటలు మాత్రం పొల్లుపోకుండా అప్పగించేది. ఆ సేకరణ పూర్తిగా అచ్చు కావడానికి 2002 వరకు పట్టింది.

ఇంగ్లండులో సెసిల్ షార్ప్ 1903లో సోమర్సెట్ గ్రామంలో ఒక తోటమాలి పాట విని ఈ పనికి పూనుకొన్నాడు. 1916-18లో మాడ్ కార్‌పెలెస్ అనే సహాయకురాలితో అమెరికాలోని అపలాచియన్ కొండలకు వెళ్లాడు. అక్కడి ప్రజల పూర్వీకులలో చాలామంది ఇంగ్లండు, స్కాట్లండు, ఉత్తర ఐర్లండుల నుండి వలస వెళ్లినవారు. స్వస్థలంలో మరుగున పడుతున్న పాటలను ఆ కొండ గ్రామాలలో చిన్నా పెద్దా పాడుకొంటూ ఉండటం అతడు గమనించాడు. మాతృభూమికి దూరంగా స్థిరపడినవారి వద్దనే పాత సంపద కొన్నిసార్లు పదిలంగా ఉంటుందని ఇది నిరూపించింది. అయితే షార్ప్ తన దృష్టికి 'ఇంగ్లీషు' పాటలుగా తోచినవాటినే ఏరుకొన్నాడనీ, అక్కడి నల్లజాతి గాయకులను దాదాపు విస్మరించాడనీ తరువాతివారు విమర్శించారు.

1951లో ఎడిన్‌బరో విశ్వవిద్యాలయంలో స్కాట్లండు అధ్యయన కేంద్రం వెలసింది. దాని పరిశోధకుడు హేమిష్ హెండర్సన్ టేపు రికార్డరు పట్టుకొని పండ్లతోటల కూలీల గుడారాలకు వెళ్లాడు. 1953లో ఆబర్డీన్ నగరంలో జీనీ రాబర్ట్‌సన్ అనే గాయనిని లోకానికి పరిచయం చేశాడు. ఆమె సమాజం చిన్నచూపు చూసిన సంచార కుటుంబాలకు చెందిన మహిళ. చచ్చిపోయాయని పండితులు తలచిన పాటలు ఆమె కంఠంలో సజీవంగా ఉన్నాయి. ఆనాటి ధ్వనిముద్రణలు అనేకం నేడు అంతర్జాలంలో ఎవరైనా వినవచ్చు.

జ్ఞాపకమా, సృష్టియా?

గాయకులు పాటను కంఠస్థం చేస్తారా, పాడే ప్రతిసారీ కొత్తగా అల్లుతారా? ఇది పరిశోధకుల మధ్య పెద్ద వివాదం. ఆబర్డీన్ ఆచార్యుని కుమార్తె అన్నా గోర్డన్ బాల్యంలో పినతల్లి, తల్లి, ఇంటి దాది పాడగా విని నేర్చిన పాటలు చైల్డ్ గ్రంథానికి ముఖ్య ఆధారాలు. ఒకే పాటను ఆమె 1783లో ఒక రీతిగా, 1800లో మరొక రీతిగా చెప్పింది. డేవిడ్ బుకన్ 1972లో దీనిని ఆశుసృష్టికి నిదర్శనంగా చూపాడు. జ్ఞాపకానిదే పెద్ద పాలు అని మరికొందరు ఖండించారు. వాదం ఎట్లా ఉన్నా ఒక విషయంలో భిన్నాభిప్రాయం లేదు: జానపద గేయానికి ఏకైక శుద్ధ ప్రతి ఉండదు.

మన వాకిట

బ్యాలడ్ అన్న పేరు తెలుగు పాటలకు కూడా త్వరలోనే అన్వయించింది. జె.ఎ. బాయిల్ 1874లో 'ఇండియన్ యాంటిక్వరీ' పత్రికలో తెలుగు కథాగేయాల మీద వ్యాసం వ్రాసి, సర్వాయి పాపని పాటను పరిచయం చేశాడు. మొగలు అధికారులకు దొంగ అయిన పాపడు పాటలో వీరుడు కావడం ఆర్మ్‌స్ట్రాంగ్ కథను తలపిస్తుంది. 1982లో జీన్ రోగెయిర్ పల్నాటి వీరుల కథను ఒక గాయకుని నోట విన్న రూపంలోనే అనువదించి ప్రకటించాడు.

కర్ణాటక, తమిళనాడు, ఒడిశా, మహారాష్ట్రలలోను, యానాంలోను తరాలుగా స్థిరపడిన తెలుగు ఇళ్లలో పెద్దలు పాడే పాటలు పాఠ్యపుస్తకాల తెలుగుకు భిన్నంగా ఉంటాయి. వాటిలో పొరుగు భాషల మాటలు కలిసి ఉంటాయి. బడిలో వేరొక భాష చదివే మనుమలకు అవి తప్పులుగా తోచవచ్చు. పెర్సీ చేసిన పని మన ఇళ్లలో జరుగకూడదు. నేడు ప్రతి ఇంటా సెల్‌ఫోను ఉన్నది కనుక పాటను రాగంతో సహా పదిలపరచడం కష్టం కాదు. పాడినవారి పేరు, ఊరు, ఎవరి వద్ద నేర్చారు, ఏ సందర్భంలో పాడతారు అన్న వివరాలను వారి అనుమతితో వ్రాసుకోవాలి. ఒక్క మాట కూడా దిద్దరాదు. ఇద్దరు అక్కచెల్లెళ్లు ఒకే పాటను రెండు విధాలుగా పాడితే రెండూ భద్రపరచాలి.

అన్నింటికంటే ముఖ్యం, భద్రపరచిన పాటను మళ్లీ పాడటం. మార్గరెట్ లెయిడ్లా భయపడింది పుస్తకానికి మాత్రమే కాదు, పుస్తకం ఉన్నదిలే అని పాడటం మానే మనుషులకు కూడా. ఆ భయం మన ఇంట నిజం కాకుండా చూడవలసినది మనమే.