ఊరి లీగు - దేశపు జట్టు

కర్నూలు, కడప జిల్లాల రైతులకు వాన సంగతియు, కాలువ సంగతియు చక్కగా తెలియును. మెట్టపొలముపై ఒక్క జడివాన కురిసినచో నేల ఆనాటికి తడియును; కొలది దినములలోనే రేగడి మరల నెఱ్ఱెలు విచ్చును. సుంకేసుల యొద్ద తుంగభద్రను వీడి కడప వరకు సాగు కర్నూలు-కడప కాలువ క్రింది పొలము అట్టిది కాదు. అచ్చట వంతుల ప్రకారము నీరు పారును, పైరు నిలుచును. ఆటల పోటీలలోను ఇట్టి రెండు విధములు కలవు. ఒకటి జడివాన వంటి కప్పు పోటీ. రెండవది కాలువ వంటి లీగు. దేశపు ఫుట్‌బాలు జట్టు దేనివలన బలపడునో, దేని లోపమువలన క్షీణించునో తెలుగువారి చరిత్రయే చెప్పగలదు.

మొదట ఈ రెండు పోటీల భేదమును గ్రహింపవలెను. కప్పు పోటీలో ఓడిన జట్టు వెంటనే ఇంటిదారి పట్టవలసినదే. పదునారు జట్లు చేరినచో ఎనిమిది జట్లు ఒక్క ఆటతోనే తొలగిపోవును. మొత్తము మీద 15 ఆటలతో పోటీ ముగియును. లీగులో అట్లు కాదు. ప్రతి జట్టును తక్కిన జట్లన్నిటితోను ఆడవలెను. అవే పదునారు జట్లు ఒక్కొక్కసారి తలపడినను ఒక్కొక్క జట్టునకు 15 ఆటలు, మొత్తమున 120 ఆటలు జరుగును. నేటి పద్ధతిలో గెలుపునకు 3 పాయింట్లు, సమానమైనచో 1 పాయింటు లభించును. ఈ ఆదివారము ఓడిన బాలుడు తన తప్పు దిద్దుకొని వచ్చే ఆదివారము మరల ఆడగలడు. ఆట నేర్చుట అనునది ఈ దిద్దుబాటులోనే యున్నది.

భారతదేశమున మొదట వెలసినవి కప్పు పోటీలే. ఆంగ్ల సైనికుల కొరకు 1888లో సిమ్లా యందు డ్యురాండు కప్పు, 1891లో బొంబాయి యందు రోవర్సు కప్పు ఆరంభమయ్యెను. 1898లో కలకత్తా నగరమున లీగు మొదలయ్యెను. 1911లో మోహన్ బగాన్ జట్టు ఈస్టు యార్కుషైర్ పటాలమును 2-1 గోలులతో ఓడించి ఐ.ఎఫ్.ఎ. షీల్డును గెలుచుకొనగా దేశమంతయు పొంగిపోయెను. ఆ జట్టులో పదిమంది పాదరక్షలు లేకయే ఆడిరి. 1937లో అఖిలభారత ఫుట్‌బాలు సమాఖ్య ఏర్పడెను. 1941లో రాష్ట్రముల జట్లకై సంతోష్ ట్రోఫీ ప్రారంభమయ్యెను.

స్వాతంత్ర్యము వచ్చిన మరుసటి సంవత్సరమున, అనగా 1948లో, భారత జట్టు లండను ఒలింపిక్ క్రీడలలో పాల్గొని ఫ్రాన్సుతో 1-2 గోలులతో ఓడెను. ఆటగాండ్రలో పెక్కుమంది వట్టికాళ్లతోనే ఆడిరి. 1951లో ఢిల్లీలో జరిగిన ఆసియా క్రీడలలో ఇరాను జట్టును ఓడించి భారతదేశము స్వర్ణపతకమును పొందెను. కాని 1952లో హెల్సింకీ నగరమున యుగోస్లావియా చేతిలో 1-10 గోలులతో ఘోరముగా ఓడిపోయెను. చలినేలపై వట్టికాళ్ల ఆట చెల్లదనియు, బూట్లును క్రమశిక్షణయు అవసరమనియు ఆ ఓటమి నేర్పెను.

ఆ పాఠమును దేశమునకు బోధించినవాడు ఒక ఉపాధ్యాయుడు. ఆయన పేరు సయ్యద్ అబ్దుల్ రహీము. హైదరాబాదులో 1909లో జన్మించి, ఉస్మానియా విశ్వవిద్యాలయమున చదివి, పాఠశాలలలో బోధించుచు, నగర పోలీసు జట్టునకు శిక్షకుడయ్యెను. ఆయన పద్ధతి బడిపంతులు పద్ధతియే. పిల్లలకు చిన్న చిన్న పోటీలను ఏర్పాటు చేసెడివాడు. ఒక పోటీలో బంతిని వెంట నడిపించుకొని పోరాదు. అందిన వెంటనే తోడివానికి అందింపవలెను. వేరొక పోటీలో బలహీనమైన కాలితో మాత్రమే తన్నవలెను. వ్రాయుటకు ముందు అక్షరములు దిద్దించునట్లు, ఆడుటకు ముందు ఆయన కాళ్లకు అక్షరాభ్యాసము చేయించెను.

ఆ శ్రమ వృథా కాలేదు. 1950 నుండి 1954 వరకు వరుసగా ఐదు సంవత్సరములు హైదరాబాదు నగర పోలీసు జట్టు రోవర్సు కప్పును గెలిచెను. నగరమున స్థానిక పోటీలు ఎడతెగక సాగుచుండుటచే ఒక ఆటగాడు తప్పుకొన్నచో వాని స్థానమునకు వేరొకడు సిద్ధముగా నుండెను. 1950లో రహీము భారత జట్టునకును శిక్షకుడయ్యెను.

1956 నవంబరు 1వ తేదీన ఆంధ్రప్రదేశ్ అవతరించెను. మూడు సంవత్సరములు ఆంధ్ర రాష్ట్రమునకు రాజధానిగా నుండిన కర్నూలు ఆ స్థానమును హైదరాబాదునకు ఇచ్చెను. ఆ నెలలోనే మెల్బోర్న్ నగరమున ఒలింపిక్ క్రీడలు మొదలయ్యెను. భారత జట్టులో తులసీదాస్ బలరాం, అజీజుద్దీన్, నూర్ మహమ్మద్, అబ్దుల్ లతీఫ్, జుల్ఫికరుద్దీన్ మున్నగు హైదరాబాదు ఆటగాండ్రు ఉండిరి. ఆతిథ్యమిచ్చిన ఆస్ట్రేలియాను ఆ జట్టు 4-2 గోలులతో ఓడించెను. బొంబాయి ఆటగాడు నెవిల్ డిసౌజా ఒక్కడే మూడు గోలులు చేసెను. ఒలింపిక్ ఫుట్‌బాలులో సెమీఫైనలు చేరిన మొదటి ఆసియా దేశము భారతదేశమే. పిదప రెండు ఆటలలో ఓడి నాలుగవ స్థానమున నిలిచెను. అదే కాలమున, 1956-57, 1957-58 సంవత్సరములలో, హైదరాబాదు జట్టు సంతోష్ ట్రోఫీని వరుసగా గెలుచుకొనెను.

1962లో జకార్తా నగరమున ఆసియా క్రీడలు జరిగెను. అప్పటికే రహీము క్యాన్సరు వ్యాధిచే బాధపడుచుండెను. తొలి ఆటలో దక్షిణ కొరియా భారతదేశమును 2-0తో ఓడించెను. అయినను జట్టు తేరుకొని థాయిలాండును, జపానును, దక్షిణ వియత్నామును గెలిచి, ఫైనలులో అదే కొరియాను 2-1తో ఓడించెను. పి.కె. బెనర్జీ ఒక గోలును, తలకు గాయమై కుట్లు పడియున్న జర్నైల్ సింగు మరియొక గోలును చేసిరి. తొలి ఓటమి తరువాత మరల ఆడు అవకాశము లేకున్నచో ఆ స్వర్ణపతకమే లేదు! 1963 జూను 11వ తేదీన రహీము మరణించెను. ఆసియా క్రీడల ఫుట్‌బాలు స్వర్ణము భారతదేశమునకు అటుపిమ్మట లభింపలేదు.

1965-66లో ఆంధ్రప్రదేశ్ జట్టు సంతోష్ ట్రోఫీని గెలిచెను. ఆ తరువాత ఆ కప్పు తెలుగునేలకు మరల రాలేదు. కారణములు పెక్కు. మంచి ఆటగాండ్రు కలకత్తా, బొంబాయి సంఘములకు తరలిపోయిరి. బలరాం 1957లోనే కలకత్తాలోని ఈస్టు బెంగాలు జట్టున చేరెను. ఆటగాండ్రకు ఉద్యోగములిచ్చు సంస్థలు తగ్గెను. నగరములోని బయళ్లలో భవనములు లేచెను. స్థానిక లీగు క్రమము తప్పెను. కాలువ పూడిన పిదప మడిని నిందించి ప్రయోజనమేమి?

దేశమంతటికి ఒక లీగు ఉండవలెనన్న తలంపు చాల ఆలస్యముగా ఫలించెను. 1996లో జాతీయ ఫుట్‌బాలు లీగు, 2007లో దాని స్థానమున ఐ-లీగు, 2014లో ఇండియన్ సూపర్ లీగు ఆరంభమయ్యెను. 2019లో హైదరాబాదు ఎఫ్.సి. అను సంఘము ఏర్పడి, 2022లో సూపర్ లీగు విజేతయయ్యెను. కాని 2025లో ఆ సంఘము నగరమును వీడి ఢిల్లీకి తరలిపోయెను. ధనముతో తెచ్చిన జట్టును ధనలోపము తరలింపగలదు. ఊరి బాలురతో, బాలికలతో పెరిగిన జట్టును ఎవరును మూటగట్టి కొనిపోజాలరు.

ఈ సత్యమునకు రాయలసీమయందే ఒక నిదర్శనము కలదు. 1969లో విన్సెంట్ ఫెర్రర్ అనంతపురమున గ్రామీణాభివృద్ధి సంస్థను నెలకొల్పెను. ఆ సంస్థ నడుపు క్రీడా విద్యాలయమున పల్లెల నుండి వచ్చిన బాలబాలికలు ఫుట్‌బాలు నేర్చుచున్నారు. కర్నూలు, కడప జిల్లాలకును ఇది అసాధ్యము కాదు. వాన తక్కువైన సీమలో ఆటకు అనువైన దినములు ఎక్కువ. వేసవిలో మాత్రము ఎండ ముదరకముందే ఆడవలెను. ఏడు మీటర్ల ముప్పదిరెండు సెంటీమీటర్ల దూరమున రెండు వెదురు గడలు నాటినచో గోలు సిద్ధమగును. ఎనిమిది గ్రామముల పాఠశాలలు కూడి, ఆదివారమునకు నాలుగు ఆటల చొప్పున ఆడినచో, ఏడు ఆదివారములలో 28 ఆటల లీగు పూర్తియగును. కావలసినది పెద్ద ధనము కాదు; వారము తప్పని నియమము, ఫలితములను వ్రాసియుంచు ఒక పుస్తకము, రహీము వంటి ఓర్పు గల ఉపాధ్యాయుడు.

దేశపు జట్టులో నిలుచునది పదునొకండుగురే. కాని ఆ పదునొకండుగురిని ఏరుటకు వేలమంది ప్రతివారము ఆడుచుండవలెను. సుంకేసుల యొద్ద నీరెంత యున్నను, పిల్లకాలువ త్రవ్వనిదే చివరి మడి తడియదు. ఊరూర సాగు చిన్న లీగులే దేశపు ఆటకు పిల్లకాలువలు.