ఇంటి ఎలుకలు, పొలం పందికొక్కులు – మన ఆరోగ్యం

వానలు పడి పొలాల్లో నీరు నిలిచేసరికి కలుగుల్లోని ఎలుకలు, పందికొక్కులు గట్లెక్కి ఇళ్లవైపు వస్తాయి. ఆ నెలల్లోనే మా జ్వరాల వార్డు కూడా నిండుతుంది. ఈ రెండింటికీ సంబంధం ఉందని చాలామందికి తెలియదు.

ఏది ఏమిటి?

వాసాల మీద, అటకల మీద తిరిగేది ఇంటి ఎలుక. దాని తోక ఒంటికంటే పొడవు. బియ్యం డబ్బాల సందుల్లో దూరే చిన్నది చిట్టెలుక. గట్టుకూ పునాదికీ బొరియ తవ్వి, బయట మట్టి కుప్ప పోసేది పందికొక్కు. అది వరి వెన్నులు కోసి లోపల దాచుకుంటుంది. ఇంగ్లీషులోని 'బాండికూట్' అనే మాట మన పందికొక్కు నుండి వెళ్లినదే.

మూతి పొడవుగా ఉండి, గోడ వారనే కీచుమంటూ పోయి, ఘాటు వాసన వదిలేది చుంచు. అది ఎలుక జాతి కాదు. బొద్దింకలను, పురుగులను తింటుంది. దానిని చంపనక్కరలేదు, బయటికి తోలితే చాలు.

ఎలుక జ్వరం

ఎలుకల మూత్రంలో లెప్టోస్పైరా అనే సూక్ష్మక్రిమి ఉండవచ్చు. ఆ మూత్రం కలిసిన నీటిలో, బురదలో దిగితే కాలి పగుళ్ల గుండా, పుండ్ల గుండా అది మన ఒంట్లోకి చేరుతుంది. నాట్లు వేసేవారికి, కాలువలు తీసేవారికి, పశువుల పాక కడిగేవారికి ఈ ప్రమాదం ఎక్కువ.

సాధారణంగా 2 నుండి 14 రోజుల్లో చలిజ్వరం, తలనొప్పి వస్తాయి. కళ్లు ఎర్రబడతాయి. పిక్కలు ముట్టుకుంటే నొప్పి. కొందరికి తరువాత కళ్లు పచ్చబడి, మూత్రం తగ్గిపోతుంది.

ఇక్కడే పొరపాటు జరుగుతుంది. నాట్లకు వెళ్లే ఒక తల్లికి కళ్లు పచ్చబడితే, ఇంటివారు కామెర్లనుకుని పసరు పోయించి, పథ్యం పెట్టారు. ఆరు రోజులకు మా దగ్గరకు తెచ్చేసరికి మూత్రం దాదాపు ఆగిపోయింది. డయాలసిస్ కోసం పెద్దాసుపత్రికి పంపవలసి వచ్చింది. ఆమె బ్రతికింది గాని, ఆ ఇంటికి అప్పు మిగిలింది. మొదటి రోజుల్లోనే వస్తే ఈ జ్వరం చాలావరకు మామూలు యాంటీబయాటిక్ మందులకే తగ్గుతుంది. అప్పటినుండి జ్వరంతో వచ్చిన ప్రతివారినీ మేము "పొలంలో దిగారా?" అని అడుగుతున్నాము. మేము అడగకపోయినా మీరే చెప్పండి.

ఎలుకల మందు

బజ్జీలో, బ్రెడ్డులో మందు కలిపి పిల్లలకు అందేచోట పెట్టకండి. ఎవరైనా మింగితే, బాగానే ఉన్నారని ఇంట్లో ఉంచవద్దు. పేస్టు మందులో పచ్చ భాస్వరం ఉంటే మొదటి ఒకటి రెండు రోజులు ఏమీ తెలియకపోవచ్చు, ఆ తరువాత కాలేయం దెబ్బతింటుంది. ఉప్పునీళ్లు తాగించి వాంతి చేయించకుండా, మందు డబ్బాతో సహా వెంటనే ఆసుపత్రికి రండి. పిల్లలున్న ఇంటికి బోను మేలు.

ఎలుక వెంట పాము

ఎలుకలున్న చోటికి పాములూ వస్తాయి. జెర్రిపోతుకు విషం లేదు. అదీ, గుడ్లగూబా రైతుకు మేలు చేసేవే. కట్లపాముతో మాత్రం జాగ్రత్త. అది రాత్రివేళ, నేల మీద పడుకున్నవారిని కరుస్తుంది. గాటు కనిపించకపోవచ్చు. తెల్లవారి కడుపునొప్పి వచ్చి, కనురెప్పలు వాలిపోతుంటే కట్టు కట్టకుండా, కోయకుండా, మంత్రానికి తిప్పకుండా ఆసుపత్రికి తీసుకురండి. మంచం మీద, అంచులు పరుపు కిందికి దోపిన దోమతెరలో పడుకోవడం మంచిది.

ఇంట్లో చేయవలసినవి

- చిటికెన వేలు దూరే సందునైనా సిమెంటుతో మూయండి.
- బియ్యం, పప్పులు మూత గట్టిగా ఉన్న డబ్బాలలో పోయండి. ఎంగిలి గిన్నెలు రాత్రి ఉంచకండి.
- కట్టెల మోపు, గడ్డివామి ఇంటి గోడకు ఆనించకండి.
- కాలికి పుండు ఉంటే మానేవరకు బురదలో దిగకండి. తప్పనిసరైతే బూట్లు వేసుకోండి. పని కాగానే సబ్బుతో కడుక్కోండి.
- ఎలుక కరిస్తే ధారగా పడే నీటితో, సబ్బుతో 15 నిమిషాలు కడిగి, ధనుర్వాతం ఇంజెక్షను గురించి అడగండి. కుక్క, పిల్లి, కోతి, ముంగిస, నక్క కరిస్తే రేబిస్ టీకా కోసం అదే రోజు రండి.

ఊళ్లో ఎలుకలు లేకుండా చేయడం మనవల్ల కాదు. మన గిన్నెకూ వాటికీ మధ్య మూత ఉంచడం మాత్రం మన చేతిలో పని.