నాలుగు మడుల తీర్పు

అన్నము ఉడికినదో లేదో తెలిసికొనుటకు ఒక మెతుకు పట్టి చూచిన చాలునని మన యిండ్లలో అనుకొందురు. కుండలోని మెతుకులన్నియు ఒకే నీటియందు, ఒకే సెగను ఉడుకును గనుక ఆ మాట చెల్లును. కాని పొలములు కుండలోని మెతుకులు కావు. వంశధార కాలువ మొదట నీరు దండిగా పారు మడి యొకటి, కాలువ చివరను నీటికై యెదురుచూచు మడి యొకటి, మెరకనుండి వానను మాత్రమే నమ్ముకొనిన మడి మరియొకటి. వీనిలో ఏవో నాలుగింటిని కోసి తూచి, గ్రామము పండినదా యెండినదా యని నిర్ణయించుట యెంతవరకు నమ్మదగును? శ్రీకాకుళ విజయనగర మండలముల రైతులకు ఇది వట్టి బడిలెక్క కాదు.

2016వ సంవత్సరమున ప్రారంభమైన ప్రధానమంత్రి ఫసల్ బీమా యోజన నియమములలో, ప్రధానమైన పంటకు గ్రామమే బీమా యూనిట్టుగా నున్నచోట కనీసము 4 పంటకోత ప్రయోగములు జరుపవలెనని విధింపబడినది. యాదృచ్ఛికముగా నెన్నిన చోట్ల మడులు కొలిచి, కోసి, నూర్చి, తూచెదరు. వాని సగటు ముందుగా నిర్ణయించిన హద్దునకు దిగువనున్నచో ఆ గ్రామమున ఆ పంటకు బీమా చేసిన రైతులకు పరిహారము కలదు. దిగువ లేనిచో, ఆ లెక్కను బట్టి ఎవ్వరికిని లేదు. 2018 అక్టోబరు 11న పలాస సమీపమున తీరము దాటిన తిత్లీ తుపానును చూచినవారికి ఇట్టి సగటు విలువ యేమో వేరుగ చెప్పనక్కరలేదు.

ఈ నాలుగు మడుల తీర్పును పరీక్షించు మార్గమేది? ఊరి పొలమంతయు వేయిమార్లు కోయుట మానవసాధ్యము కాదు. కాని కంప్యూటరులో కల్పితగ్రామము నొకదానిని నిర్మించి, దానిని వేయిమార్లు కోయవచ్చును. అందు పదివేల మడులు కలవనియు, నిజమైన సగటు ఎకరమునకు 16 క్వింటాళ్లనియు, మడికిని మడికిని గల హెచ్చుతగ్గులను తెలుపు సాధారణ విచలనము 4 క్వింటాళ్లనియు అనుకొందము. పరిహారపు హద్దు 18 క్వింటాళ్లు. అనగా గ్రామమునకు నిజముగా నష్టము కలిగినది. యంత్రము లాటరీవలె నాలుగేసి మడులను తీసి, సగటు కట్టి, మరల మరల వేయిమార్లు అట్లే చేయును. అప్పుడు సుమారు 160 మార్లు సగటు 18కి పైన తేలును. అన్నిమార్లును కష్టపడిన గ్రామము వట్టిచేతులతో మిగులును! నాలుగింటికి బదులు పదునారు మడులను తీసినచో ఆ పొరపాటు వేయింట సుమారు 23 మార్లకు దిగును. ఇందు ఎవరి మోసమును లేదు, ఎవరి నిర్లక్ష్యమును లేదు; కేవలము చిన్న నమూనా చేయు ఆటయే యిది. ఈ ఆట రైతునకు అనుకూలముగను సాగవచ్చును. నిజమైన సగటు 20 అయి నష్టము లేని గ్రామమునకును, నాలుగు మడుల లెక్కవలన వేయింట సుమారు 160 మార్లు పరిహారము దొరకును.

ఈ విద్య కంప్యూటరుతో పుట్టినది కాదు. డబ్లిన్ నగరపు గిన్నెస్ బీరు కార్ఖానాలో పనిచేసిన విలియం గాసెట్, 1908లో "స్టూడెంట్" అను మారుపేరున ప్రకటించిన వ్యాసమునకై, 3000 మంది నేరస్థుల ఎత్తులను, ఎడమచేతి నడిమివ్రేలి పొడవులను అట్టముక్కలపై వ్రాసి, బాగుగ కలిపి, నాలుగేసి చొప్పున 750 నమూనాలుగా విడదీసెను. ఆయన నమూనాయు నాలుగే యగుట మనకు గమనింపదగినది. సూత్రముచే తాను కనుగొనిన దానిని ఆ ముక్కలతో సరిచూచుకొనెను. ఆయన చేతితో చేసిన పనిని నేడు విద్యార్థి బల్లమీది యంత్రము కనురెప్పపాటులో చేయుచున్నది.

గణాంకశాస్త్రము తెలుగువారికి పరాయిసొత్తు కాదు. వాల్తేరు ఆంధ్ర విశ్వవిద్యాలయమున గణితము చదివి, 1941లో కలకత్తాలోని భారత గణాంకశాస్త్ర సంస్థను చేరిన సి. ఆర్. రావుగారు, 1945 నాటి తమ వ్యాసముచేతనే లోకప్రసిద్ధులైరి. 2023లో అంతర్జాతీయ గణాంకశాస్త్ర బహుమతి నంది, ఆ యేటనే 102 ఏండ్ల వయసున దివంగతులైరి. అట్టివారిని గన్న జాతి పిల్లలు ఈ శాస్త్రమును సూత్రముల చిట్టాగా కంఠపాఠము చేసి, పరీక్ష ముగిసినంతనే మరచుట విచారకరము. సాధారణ విచలనమును నిర్వచింపగల బాలుడు, తన తండ్రి గ్రామపు బీమాలెక్కలో దాని పాత్రయేమో చెప్పలేకున్నచో ఆ చదువు వలన ప్రయోజనమేమి?

1879 నాటి విజయనగర మహారాజా కళాశాల మొదలు 2008లో ఎచ్చెర్లయందు స్థాపితమైన అంబేడ్కర్ విశ్వవిద్యాలయము వరకు ఈ సీమలో విద్యాలయములకు కొదవలేదు. ఆక్లండ్ విశ్వవిద్యాలయమున పుట్టిన "ఆర్" అను గణాంకభాష ఉచితముగా లభించుచున్నది. అదియును లేని బడిలో చీటీలు వ్రాసి కుండలో వేసి తీసినను పాఠము తప్పదు. కాలము మాత్రము హెచ్చు పట్టును.

అయినను ఒక హెచ్చరిక చేయుచున్నాము. అనుకరణము మనమిచ్చిన ఊహలకు పర్యవసానమునే చెప్పును గాని, ఆ ఊహలు నిజములని సాక్ష్యమీయదు. మడులను యాదృచ్ఛికముగా గాక బాట ప్రక్కనున్నవానినే యెన్నినచో, నాలుగైనను నలువదియైనను ఆ దోషము తొలగదు. మడుల సంఖ్య పెంచుటకు వ్యయమును, కోతకాలమున మనుష్యులును కావలెను. ఎంత వ్యయమునకు ఎంత నమ్మకమో తూచుటకే ఈ పరీక్ష.

కనుక మా సూచన యిది. గణాంకశాస్త్ర విద్యార్థులు తమ గ్రామపు పంటకోత లెక్కలనే పాఠముగా గైకొని యంత్రముపై పరీక్షింతురుగాక. రైతులు ఆ ఫలితమును చూచి, ఎన్ని మడులు కోసిరి, ఎట్లు ఎన్నిరి అని అధికారులను మర్యాదగ నడుగుదురుగాక. ప్రశ్నించుట నేర్చిన గ్రామమునకు సగటు విధివ్రాతవలె తోపదు.