అర్జీలు ఇస్తున్నా కోర్టు గడువు ఆగదు

అనకాపల్లి జిల్లాలో డి-పట్టా భూముల గురించి అడగడానికి వెళ్తే మా ముందుకు మొదట వచ్చేది కాగితాల సంచి. తహసీల్దారుకు ఇచ్చిన అర్జీలు, స్పందన రసీదులు, సోమవారం గ్రీవెన్స్ రసీదులు అన్నీ అందులో ఉంటాయి. భూమి తీసుకోమన్న జీవో కాపీ మాత్రం చాలాసార్లు ఉండదు. కోర్టుకు ఎందుకు వెళ్ళలేదంటే, ఆఫీసుల చుట్టూ తిరుగుతూనే ఉన్నాం కదా అంటారు. ఆ తిరుగుడును హైకోర్టు లెక్కలోకి తీసుకోకపోవచ్చు.

రాజ్యాంగం 226వ అధికరణ కింద వేసే రిట్‌కు లిమిటేషన్ చట్టం గడువు పెట్టలేదు. అందుకే ఎప్పుడైనా వేయొచ్చన్న నమ్మకం మన కార్యకర్తల్లోనూ ఉంది. కానీ రిట్ ఇవ్వడం కోర్టు విచక్షణ. జీవో తేదీకి, రిట్ తేదీకి మధ్య కాలానికి వివరణ లేకపోతే, జీవో తప్పా ఒప్పా అన్నది చూడకుండానే కొట్టేయవచ్చు.

ఉద్యోగం పోయిన 18 ఏళ్ళకు అర్జీ పెట్టిన ఒకరి విషయంలో, 2008లో సి. జాకబ్ కేసులో సుప్రీంకోర్టు ఈ సంగతి తేల్చింది. పాత అర్జీని పరిశీలించమని ఆదేశం తెచ్చుకుని, అధికారి తిరస్కరిస్తే ఆ తిరస్కరణ తేదీ నుంచి లెక్క మొదలుపెట్టడం కుదరదంది. అధికారి జవాబిచ్చినంత మాత్రాన చచ్చిన హక్కు బతకదు.

భూమి విషయంలో ఆలస్యం ఇంకా ప్రమాదం. 2020 జనవరి 25న వచ్చిన జీవో 72నే తీసుకోండి. అప్పటి విశాఖ జిల్లాలో అనకాపల్లి, సబ్బవరం సహా పది మండలాల్లో 6,116.50 ఎకరాల అసైన్డ్, ప్రభుత్వ భూములను పేదల ఇళ్ళ స్థలాలకు సమీకరించాలన్నది దాని ఉద్దేశం. అసైన్డ్ రైతుకు ఎకరానికి 900 గజాల స్థలం ఇస్తామన్నారు. ఇలాంటి జీవో కింద లేఅవుట్ వేసి పట్టాలు పంచేశాక కోర్టుకెళ్తే, ఎదుటి పక్షాన ప్రభుత్వం ఒక్కటే ఉండదు. స్థలం అందుకున్న పేద మహిళలూ ఉంటారు, వాళ్ళలో మనవాళ్ళూ ఉంటారు. మూడో పక్షానికి హక్కులు ఏర్పడ్డాయన్న వాదన అక్కడే పుడుతుంది. ప్రభుత్వ వకీలుకు అంతకంటే సులువైన వాదన లేదు.

ఆలస్యం మన సంఘాలను ఎలా దెబ్బతీస్తుందో 2003 నాటి ఇబ్రహీంపట్నం తాలూకా వ్యవసాయ కూలీ సంఘం కేసు చూపిస్తుంది. భూమి అమ్మకాలకు ఇచ్చిన ధ్రువపత్రాలను కలెక్టరు 'ఎప్పుడైనా' తిరగదోడవచ్చని తెలంగాణ కౌలు చట్టం 50-బి సెక్షన్ అంటుంది. 'ఎప్పుడైనా' అంటే సహేతుకమైన కాలంలోనే అని సుప్రీంకోర్టు అర్థం చెప్పింది. మోసం జరిగితే అది బయటపడిన రోజు నుంచి లెక్కించవచ్చు. కానీ ఆ మోసం ఏమిటో, ఎప్పుడు తెలిసిందో పిటిషన్లో సరిగా రాయలేదు. సంఘం ఓడిపోయింది. మా దృష్టిలో ఇది చట్టం కంటే డ్రాఫ్టింగ్ తెచ్చిన నష్టం.

ఆలస్యమైన ప్రతి కేసూ పోదు. హిమాచల్‌లో రోడ్డు కోసం 1967-68లో సేకరణ ప్రక్రియే లేకుండా, పరిహారమివ్వకుండా ఒక నిరక్షరాస్య వితంతువు భూమి తీసుకున్నారు. ఆమె 2010లో కోర్టుకొచ్చింది. 2020 జనవరిలో విద్యాదేవి కేసు తీర్పులో సుప్రీంకోర్టు, చట్టం పాటించని ప్రభుత్వం ఆలస్యం సాకు చెప్పలేదని పరిహారం ఇప్పించింది. అయితే ఆమెకు దక్కింది పరిహారం, భూమి కాదు. ఏళ్ళు గడిచాక అడగగలిగేదీ తగ్గిపోతుంది.

అందుకని అఫిడవిట్లో తేదీలు వరసగా రాయించండి: జీవో సంగతి ఎప్పుడు, ఎవరి ద్వారా తెలిసింది, కాపీ కోసం సమాచార హక్కు దరఖాస్తు ఎప్పుడు పెట్టారు, జవాబు ఎప్పుడొచ్చింది, నోటీసు చేతికి ఇచ్చారా, గోడకు అంటించారా. చదువు లేకపోవడం, వలస పోవడం కూడా కారణాలే, కానీ రాస్తేనే. వకీలు ఫీజుకు డబ్బు కూడే వరకు ఆగడం మేము ఎక్కువగా విన్న కారణం. 1987 లీగల్ సర్వీసెస్ చట్టం 12వ సెక్షన్ ప్రకారం ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పని లేకుండా ఉచిత వకీలు దొరుకుతాడు. హైకోర్టు రిట్‌కైతే అక్కడి లీగల్ సర్వీసెస్ కమిటీకి దరఖాస్తు పెట్టాలి. కుల ధ్రువపత్రం, జీవో కాపీ జత చేయండి.