దహోమీలో ఆడవాళ్లు సైనికులెందుకయ్యారు?

పశ్చిమ ఆఫ్రికాలో ఇప్పటి బెనిన్ దేశం ఉన్నచోట ఒకప్పుడు దహోమీ రాజ్యం ఉండేది. 19వ శతాబ్దంలో అక్కడ వేలమంది మహిళలతో ప్రత్యేక సైన్యమే ఉండేది. ఎందుకు?

మొదటి కారణం కోట కాపలా. రాజధాని అబోమీలోని రాజభవనంలో రాత్రిపూట రాజు తప్ప మగవాళ్లు ఉండకూడదు. అందుకే కాపలా ఆడవాళ్లదే. రెండో కారణంగా చరిత్రకారులు చెప్పేది మగవాళ్ల కొరత. యుద్ధాలు, బానిసల వ్యాపారం ఎందరినో మింగేశాయి. 1818లో గద్దెనెక్కిన గెజో రాజు ఈ మహిళా దళాన్ని బాగా పెంచి యుద్ధాలకు పంపాడు.

శిక్షణ ఎలా ఉండేది? ముళ్లకంపలతో కట్టిన గోడలెక్కి అవతలికి దూకాలి. ఒళ్లంతా గీరుకుపోయినా ఆగకూడదు. తుపాకీ కాల్చడం, కత్తి తిప్పడం నేర్చుకోవాలి. వాళ్లను రాజుగారి భార్యల కింద లెక్కగట్టేవారు. కాబట్టి వేరే పెళ్లి కుదరదు.

1892లో ఫ్రెంచి సైన్యంతో వాళ్లు హోరాహోరీగా పోరాడారు. శత్రు సైనికులే ఆ ధైర్యాన్ని మెచ్చుకున్నారు. కానీ కొత్తరకం తుపాకుల ముందు నిలవలేకపోయారు. ఆ నవంబరులో అబోమీ ఫ్రెంచివాళ్ల వశమైంది.

ఇంకో సంగతీ మరవకూడదు. ఈ మహిళా సైన్యమే పొరుగు ఊళ్లమీద పడి మనుషుల్ని పట్టుకొచ్చేది. రాజ్యం వాళ్లలో చాలామందిని బానిసలుగా అమ్మేది. చరిత్ర చదివేటప్పుడు సాహసాన్నీ, దానివల్ల నష్టపోయినవాళ్లనూ కలిపే చూడాలి.