తెరవెనుక మనిషి: యంత్రరంగమున ప్రేక్షకుని పాత్ర

భరతుని నాట్యశాస్త్రము 27వ అధ్యాయమున ప్రేక్షకలక్షణము చెప్పబడినది. పాత్ర సంతోషించునపుడు సంతోషించి, దుఃఖించునపుడు దుఃఖించువాడే ప్రేక్షకుడని దాని తాత్పర్యము. ప్రేక్షకుడే పాత్రయై, యంత్రమే రంగస్థలమైనచో ఈ లక్షణ మెట్లు మారునో యిచట విచారింపదలచితిమి.

అమెరికా కళాకారిణి లారెన్ లీ మెకార్థీ 2017లో ‘లారెన్’ అను ప్రదర్శన నారంభించినది. మాటకు బదులు చెప్పు గృహయంత్రముల స్థానమున ఆమె తానే నిలుచును. అంగీకరించినవారి యింట కెమెరాలు, మైకులు, స్విచ్చులు, తలుపు గడియలు, కుళాయిలు అమర్చి, దూరమునుండి రేయింబవళ్లు కనిపెట్టుచు, అడిగిన పనియే కాక అడుగని పనిని గూడ ఊహించి చేయును. ఒక్కొక్క ప్రదర్శన వారము దినముల వరకు సాగును. 2019 నాటి ‘సమ్‌వన్’ అను కృతిలో ఆ స్థానమును ఆమె సందర్శకులకే యిచ్చినది. న్యూయార్కు ప్రదర్శనశాలకు వచ్చినవారు అచట కూర్చుండి నాలుగు ఇండ్లలోని దీపములను, పరికరములను నడిపిరి. ఈ కృతికి 2020లో ఆర్స్ ఎలెక్ట్రానికా వారి గోల్డెన్ నికా పురస్కారము లభించినది.

ఇది మనకు పూర్తిగా క్రొత్తది కాదు. తోలుబొమ్మలాటలోను తెర కలదు, దీపము కలదు, కనబడని చేయి కలదు. కాని ఆ చేయి మనిషిదని ప్రేక్షకు లెఱుగుదురు. ఆటగాని కాలిక్రింది చెక్కల చప్పుడే అందుకు సాక్ష్యము. జుట్టుపోలిగాడు, బంగారక్క తెరపైకి వచ్చి ఊరి ముచ్చటలాడినచో ముందున్నవారు నవ్వుదురు. వానలకై విరాటపర్వ మాడించు ఊరివారు వట్టి చూపరులు కారు. ఆ కోరికలో పాలివారు.

భేద మెచటనన్నచో, తోలుబొమ్మలవారు తెల్లవారగానే తెర విప్పుదురు. ఇంటిలోని యంత్రమునకు అట్టి తెల్లవారుట లేదు. అట్టి యంత్రములు గ్రహించిన మాటలను కొన్ని సంస్థల ఉద్యోగులు వినుచుండిరని 2019లో పత్రికలు వెల్లడించినవి. వినువాడున్నాడని యెఱుగనివాడు ప్రేక్షకుడును కాడు, పాత్రయును కాడు, బొమ్మ యగును. మెకార్థీ ఆ మఱుగునున్న మనిషిని పేరుతో, అంగీకారముతో ముందునకు తెచ్చినది. ఆమె కృషి విలువ యిదియే యని మా యభిప్రాయము.

ఈ సంగతిని బొగ్గుగనుల సీమవారికి వేఱుగ బోధింప నక్కఱలేదు. జైపూరులోని సింగరేణి ఉష్ణవిద్యుత్కేంద్రమున ఒక్కొక్కటి 600 మెగావాట్ల శక్తిగల రెండు యూనిట్లు 2016లో ఉత్పత్తికి వచ్చినవి. ఎచటనో ఒక యింట స్విచ్చు నొక్కువానికి దీపమే కనబడును. గోదావరిఖనిలో బావి దిగు కార్మికుడు కనబడడు. అతనిని పంపిన యిల్లాలు మాత్రము షిఫ్టు ముగియువఱకు అతనిని మఱవదు. యంత్రము వెనుక నెవరున్నారని ముందుగా అడుగవలసినది ఆమె వలెనే. కళాకారిణి అడిగినదియు నదియే.