లోయలో నడిచి, దోనె ఎక్కి – గలిలయలో ఒక దినము

గలిలయ సముద్రము పేరు వినని బిడ్డ మన ఆదివారపు బడులలో ఉండడు. దోనె, వలలు, తుపాను, నీళ్లమీద నడచిన ప్రభువు – ఈ కథలన్నీ మనకు కంఠతా వచ్చు. కాని ఆ సముద్రము ఎంత ఉంటుంది, దాని ఒడ్డుకు ప్రభువు ఏ దారిన వచ్చి ఉంటాడు, అక్కడ అకస్మాత్తుగా గాలి ఎందుకు లేస్తుంది అని అడిగితే మనలో చాలామంది జవాబు చెప్పలేరు. పరిశుద్ధ దేశయాత్రకు వెళ్లినవారు కూడ బస్సు కిటికీలోనుండి చూసి, గంటసేపు పడవ ఎక్కి తిరిగివస్తారు. ఒక్క దినము కేటాయించి ఉదయం లోయలో నడిచి, మధ్యాహ్నం దోనె ఎక్కగలిగితే సువార్తలలోని అనేక సంగతులు స్పష్టపడతాయి. ఆ దినము ఎలా ఉంటుందో ఈ వ్యాసంలో చూద్దాము.

సముద్రమా? సరస్సా?

మనం సముద్రమని పిలిచేది నిజానికి మంచినీటి సరస్సు. లూకా దానిని గెన్నేసరెతు సరస్సు అనే రాశాడు (లూకా 5:1). యోహాను తిబెరియ సముద్రమని పేర్కొన్నాడు. పాత నిబంధనలో కిన్నెరెతు అని ఉన్నది. హెబ్రీ భాషలో 'కిన్నోర్' అంటే తీగెల వాద్యము. సరస్సు ఆకారము ఆ వాద్యమును పోలి ఉన్నందున ఆ పేరు వచ్చిందని చాలామంది చెబుతారు. మన పల్లెల్లో వాయించే కిన్నెర గుర్తుకు వస్తుంది కదా!

ఉత్తరం నుండి దక్షిణానికి దీని పొడవు సుమారు 21 కిలోమీటర్లు, వెడల్పు ఎక్కువలో ఎక్కువ 13 కిలోమీటర్లు. మొత్తం విస్తీర్ణం సుమారు 166 చదరపు కిలోమీటర్లు. మన నాగార్జునసాగర్ జలాశయం ఇంతకంటె పెద్దది. యొర్దాను నది ఉత్తరాన ఇందులో కలిసి దక్షిణాన బయటికి పోతుంది. అన్నిటికంటె ఆశ్చర్యమేమంటే, ఈ సరస్సు నీటిమట్టం మహాసముద్ర మట్టానికి దాదాపు 210 మీటర్లు దిగువన ఉన్నది. భూమిమీద ఇంత పల్లములో ఉన్న మంచినీటి సరస్సు మరొకటి లేదు. ఈ సంగతి గుర్తుంచుకోండి, తుపాను విషయానికి వచ్చినప్పుడు అవసరమవుతుంది.

పావురముల లోయ

ప్రభువు పెరిగిన నజరేతు కొండమీది ఊరు. ఆయన దానిని విడిచి కపెర్నహూములో కాపురమున్నాడని మత్తయి 4:13 చెబుతున్నది. నజరేతు నుండి సరస్సుకు రావడమంటే ఐదువందల మీటర్లకు పైగా దిగిరావడమే. కానాకు వచ్చి ప్రభువును వేడుకొన్న ప్రధాని తన కుమారుని కొరకు కపెర్నహూముకు 'దిగి' రమ్మన్నాడని యోహాను 4వ అధ్యాయపు గ్రీకు మూలములో ఉన్నది. ఆ దిగుడు దారులలో ఒకటి అర్బేలు లోయ. అరబ్బులు దీనిని వాదీ హమామ్ అంటారు. అంటే పావురముల లోయ. ప్రభువు ఈ దారినే నడిచి ఉంటాడని అనేకమంది పండితులు భావిస్తారు. 2007లో నజరేతు నుండి కపెర్నహూము వరకు సుమారు 65 కిలోమీటర్ల కాలిబాటకు గుర్తులు పెట్టి 'జీసస్ ట్రయిల్' అని పేరు పెట్టారు. ఆ బాట అర్బేలు మీదుగానే సాగుతుంది.

లోయకు ఒక ప్రక్కన అర్బేలు కొండ, ఎదురుగా నితాయి కొండ గోడల్లాగా నిలబడి ఉంటాయి. అర్బేలు శిఖరం సరస్సు కంటె సుమారు 390 మీటర్ల ఎత్తు. నిటారైన బండల నిండా సందులు, గుహలు. ఆ సందులలో పావురాలు గూళ్లు కట్టుకొంటాయి. పరమగీతము 2:14లోని బండసందుల పావురము ఇక్కడ కంటికి కనబడుతుంది. సామెతలు 30:26లో మన బైబిలు కుందేళ్లని తర్జుమా చేసిన చిన్న జంతువులు కూడ ఈ రాళ్లలో ఎండ కాచుకొంటూ ఉంటాయి. నిజానికి అవి కుందేళ్లు కావు, చెవులు పొట్టిగా, తోక కనబడకుండా ఉండే వేరొక జాతి. మనిషి అలికిడి కాగానే బండ సందులో దూరిపోతాయి. బలము లేనివే అయినా ఆశ్రయము ఎక్కడో వాటికి తెలుసు.

శీతకాలపు వానల తరువాత వెళ్తే లోయ పచ్చగా ఉంటుంది. ఎర్రని అడవిపూలు, పసుపుపచ్చని ఆవపూలు, మేస్తున్న ఆవులు కనిపిస్తాయి. అడుగున చిన్న నీటి ఊట పారుతుంది. పొలం గట్లమీద తిరిగే మన రైతుకు ఈ దారి కొత్తగా అనిపించదు. లోయ మలుపు తిరిగి విశాలమయ్యే చోట ఒక్కసారిగా నీలిరంగు సరస్సు కళ్లముందు పరచుకొంటుంది.

గుహలు చెప్పే కథ

ఈ అందమైన చోటనే ఎంతో రక్తము చిందింది. క్రీ.పూ. 38 ప్రాంతంలో హేరోదు రాజు తన మీద తిరుగుబాటు చేసినవారిని పట్టుకొనడానికి ఇక్కడికి వచ్చాడు. వారు కుటుంబాలతో సహా ఈ గుహలలో దాగి ఉండగా హేరోదు సైనికులను పెట్టెలలో కూర్చోబెట్టి కొండ పైనుండి మోకులతో దింపి, గుహలలో నిప్పు పెట్టించాడని యూదా చరిత్రకారుడు జోసెఫస్ రాశాడు. ఒక వృద్ధుడు లొంగిపోవడానికి ఒప్పుకొనక తన ఏడుగురు కుమారులను, భార్యను తన చేతులతోనే చంపి తానూ దూకి చనిపోయాడట. లోయకు పడమరగా ఉన్న హత్తీన్ కొండల దగ్గర 1187లో సలాదీను సైన్యము సిలువయోధులను ఓడించింది. సిలువ పేరిట కత్తి పట్టినవారి కథ అక్కడ అలా ముగిసింది. మన దినాలలో కూడ ఆ దేశంలో యుద్ధ సమాచారములు వింటూనే ఉన్నాము. సమాధానకర్త నడచిన నేల సమాధానము లేక అల్లాడుతున్నది. యాత్రికుడు అక్కడి పూలను మాత్రమే కాదు, ఈ గుహలను కూడ చూసి రావాలి, ఇరుప్రక్కల ప్రజల కొరకు ప్రార్థించాలి.

మగ్దల, గెన్నేసరెతు

లోయ ముఖద్వారము దాటితే మగ్దల. మగ్దలేనే మరియ ఊరు. దాని గ్రీకు పేరుకు అర్థం చేపలకు ఉప్పు పట్టించే చోటు. మన తీరప్రాంతపు పల్లెల్లో చేపలు ఉప్పువేసి ఎండబెట్టినట్లే ఇక్కడా చేసి దూరదేశాలకు పంపేవారు. 2009లో ఇక్కడ యాత్రికుల వసతిగృహం కట్టబోయి తవ్వగా మొదటి శతాబ్దపు సమాజమందిరం బయటపడింది. ప్రభువు గలిలయయందంతట వారి సమాజమందిరములలో బోధించాడని మత్తయి 4:23 చెబుతున్నది కనుక, ఆ రాతి అరుగుల ముందు నిలబడినవారి మనసు తప్పక కదులుతుంది.

కొద్ది కిలోమీటర్ల దూరంలో గినోసార్ ఉన్నది. 1986లో వర్షాలు లేక సరస్సు లోపలికి తగ్గిపోయినప్పుడు, ఇద్దరు జాలరి అన్నదమ్ములకు ఇక్కడి బురదలో ఒక పాత దోనె కనబడింది. పొడవు ఎనిమిది మీటర్లకు పైన, వెడల్పు 2.3 మీటర్లు. ప్రభువు కాలము నాటిదేనని పరీక్షలలో తేలింది. గాలి తగిలితే పొడి అయిపోయే స్థితిలో ఉన్న ఆ చెక్కను ఏళ్ల తరబడి మైనపు ద్రావణంలో ఉంచి కాపాడారు. ఇప్పుడు అక్కడి ప్రదర్శనశాలలో చూడవచ్చు. దీనిని 'యేసు దోనె' అని ప్రచారం చేస్తారు గాని, ప్రభువు ఇందులో ఎక్కాడనడానికి ఆధారమేమీ లేదు. అయితే ఒక సంగతి ఆలోచింపదగినది. ఇందులో పన్నెండు రకాల కలప ఉన్నది. పాతబడిన చోటల్లా దొరికిన ముక్కతో అతుకు వేస్తూ వచ్చారు. కొత్త పడవ కొనలేని ఒక పేద జాలరి కష్టం ఆ అతుకులలో కనబడుతుంది. ప్రభువు పిలిచినది అటువంటి ఇళ్లవారినే.

గాలి ఎక్కడినుండి?

గినోసార్, తిబెరియ రేవుల నుండి చెక్కతో చేసిన పెద్ద పడవలు యాత్రికులను తీసుకొని బయలుదేరుతాయి. ప్రయాణం సుమారు ముప్పావుగంట లేక గంట. యాత్రికుల దేశపు జెండా ఎగురవేసి జాతీయగీతం వినిపించడం అక్కడి ఆనవాయితీ. నడిమధ్యకు వచ్చాక ఇంజను ఆపుతారు. అప్పుడు కీర్తన పాడుకొని, లేఖనం చదువుకొని, ప్రార్థించవచ్చు.

అప్పుడు పడమటి వైపు చూడండి. ఉదయం నడిచిన లోయ కొండల మధ్య కోసిన గంటులాగా కనబడుతుంది. వేసవిలో మధ్యాహ్నం దాటితే మధ్యధరా సముద్రము మీది చల్లని గాలి తూర్పుగా వీస్తుంది. అది ఇటువంటి లోయలలో ఇరుకున పడి వేగం పుంజుకొని, రెండువందల మీటర్ల పల్లములో వేడెక్కి ఉన్న సరస్సు మీద విరుచుకుపడుతుంది. చలికాలంలో తూర్పు ఎత్తుల మీదినుండి వచ్చే గాలి మరీ బలమైనది. నిమ్మళంగా ఉన్న నీళ్లు కొద్దిసేపటిలోనే పొంగుతాయి. మార్కు 4వ అధ్యాయములోని తుపాను కట్టుకథ కాదు, అక్కడి జాలరులకు తెలిసిన ఆపద.

ఇక్కడ మనం ఒక సంగతి గమనించాలి. అద్దరికి పోదమని చెప్పినది ప్రభువే. శిష్యులు ఆయన మాట వినే దోనె ఎక్కారు. విధేయులైనందుననే తుపానులో పడ్డారు! మన పల్లెల్లో ఒక రైతు పంట పోయినా, ఒక ఇంట బిడ్డ జబ్బుపడినా, 'ఏ పాపం చేశారో' అని గుడి మెట్లమీదనే చెవులు కొరుక్కొంటారు. ఆ మాట అప్పుకంటె బరువుగా ఆ కుటుంబాన్ని కృంగదీస్తుంది. కొందరు ఆ సిగ్గుతో ఆరాధనకే రావడం మానేస్తారు. ఆ రాత్రి ఆ దోనెలో ఉన్నవారు ఏ పాపం చేశారు? లేఖనము ఒక్కటి కూడ చెప్పలేదు. ప్రభువు వారి అల్పవిశ్వాసాన్ని గద్దించాడు, కాని ముందుగా గాలిని గద్దించాడు. తుపానులో ఉన్న ఇంటికి మొదట కావలసినది మన నింద కాదు, వారి ప్రక్కన కూర్చొనే మనిషి.

వెళ్లగోరువారికి

యాత్ర నిర్వాహకులు సాధారణంగా లోయ నడకను చేర్చరు గనుక ముందుగానే అడగాలి. నడక మెల్లగా రెండు మూడు గంటలు పడుతుంది. నవంబరు నుండి ఏప్రిలు వరకు అనుకూలం, ఎండాకాలంలో వేడి ఎక్కువ. వాన పడే దినాన లోయలోకి దిగకూడదు. గట్టి బూట్లు, టోపీ, మనిషికి రెండు లీటర్ల నీళ్లు అవసరం. మోకాళ్ల నొప్పులున్న పెద్దవారు నడకను మానుకొని మగ్దల వద్ద కలుసుకొనవచ్చు. శనివారం అక్కడ విశ్రాంతిదినము గనుక బస్సులు దాదాపు ఉండవు. 2023 అక్టోబరులో యుద్ధం మొదలైనప్పటి నుండి పరిస్థితులు మారుతూ వస్తున్నాయి. మన ప్రభుత్వ సూచనలు చూడకుండా డబ్బు కట్టవద్దు. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 2008లో యెరూషలేము యాత్రకు ఆర్థిక సహాయం ప్రారంభించింది. ఇప్పటి నిబంధనలు మీ జిల్లా మైనారిటీ సంక్షేమ కార్యాలయంలో తెలుసుకొనవచ్చు.

ఒక్క మాట. ఈ యాత్ర కొరకు పొలము తాకట్టు పెట్టవద్దు, కుమార్తె చదువుకు దాచిన సొమ్ము తీయవద్దు. యాత్ర చేసినవాడు పరిశుద్ధుడని గాని, చేయనివాడు తక్కువవాడని గాని లేఖనములో ఎక్కడా లేదు. ఈ కొండమీదనైనను యెరూషలేములోనైనను కాక, ఆత్మతోను సత్యముతోను ఆరాధించవలెనని ప్రభువు సమరయ స్త్రీకి నేర్పలేదా (యోహాను 4:21-24)? చెరువుగట్టు మీద మీరు మోకరించినా ఆయన వింటాడు.

ఈ వారము మీ కుటుంబ ప్రార్థనలో మార్కు 4:35-41 చదవండి. పొడవైన సరస్సును, పడమట లోయను, తూర్పున ఎత్తైన కొండలను ఒక కాగితం మీద గీసి, గాలి ఎటునుండి వచ్చిందో పిల్లలకు చూపించండి. తరువాత, మీ ఊరిలో ఇప్పుడు తుపానులో ఉన్న ఒక ఇంటి పేరు చెప్పి ప్రార్థించండి. మరునాడు ఆ ఇంటికి వెళ్లి రండి.